వైరు లేకుండా కారుతో ఫోను జత: కొన్నేళ్ల వాడకం తర్వాత

కొన్నేళ్లుగా కారెక్కాక ఫోనును బ్యాగులోంచి బయటికి తీయడం మానేశాను. ఇంజిన్ స్టార్ట్ చేసి, సీటు బెల్టు పెట్టుకుని, అద్దాలు సరిచూసుకునేలోపు తెర మీద మ్యాపు వచ్చేస్తుంది, సగంలో ఆపిన పాట అక్కడి నుంచే మొదలవుతుంది. కొత్త కారు కొన్న మొదటి వారంలో ఈ సదుపాయాన్ని మెచ్చుకోని వారుండరు. అసలు పరీక్ష ఆ తర్వాత మొదలవుతుంది. ఫోనుకు పెద్ద అప్‌డేట్‌లు వచ్చినప్పుడు, ఇంట్లోని రెండో ఫోను కూడా అదే కారుకు జత అయినప్పుడు, మండుటెండలో దూర ప్రయాణం చేసినప్పుడు ఇది ఎలా నిలబడుతుందో తెలియాలంటే ఏళ్లు పడుతుంది. నాది ఆండ్రాయిడ్ ఫోను, మావారిది ఐఫోను, కారు ఒక్కటే. కాబట్టి ఫోనులోని మ్యాపును, పాటలను, కాల్స్‌ను కారు తెర మీదికి తెచ్చే ఆండ్రాయిడ్ ఆటో (ఆండ్రాయిడ్ ఫోన్లకు), ఆపిల్ కార్‌ప్లే (ఐఫోన్లకు) రెండింటితోనూ రోజూ పని పడుతుంది.

తీర్పు ముందే చెబుతాను. ఈ సదుపాయం లేని కారు ఇక కొనను. అలాగని కేబుల్‌ను కారులోంచి తీసెయ్యనూ లేదు.

చాలామంది దీన్ని బ్లూటూత్ చేసే పని అనుకుంటారు. బ్లూటూత్ పాత్ర ఎక్కువగా పరిచయం చేయడం వరకే. కారు ఆన్ కాగానే ఫోనును గుర్తుపట్టి, తన వైఫై పేరు, పాస్‌వర్డ్ బ్లూటూత్ దారిలోనే దానికి అందిస్తుంది. ఫోను ఆ వైఫైలో చేరుతుంది. అక్కడి నుంచి బరువు చాలావరకు వైఫైదే. మ్యాపును గీసేది, దారి లెక్క వేసేది, పాటను తెచ్చేది అన్నీ ఫోనే. గీసిన బొమ్మను ఎప్పటికప్పుడు వీడియోగా మార్చి కారుకు పంపుతుంది. మనం తెర మీద ఎక్కడ వేలు పెట్టామో కారు తిరిగి ఫోనుకు చెబుతుంది. అంతకుమించి కారు తెర చేసేది పెద్దగా లేదు.

ఈ సంగతి నాకు తెలుగు పాటల పేర్ల ద్వారా బాగా అర్థమైంది. మా కారులో ఉత్త బ్లూటూత్ మీద పాటలు వింటే, తెలుగులో ఉన్న పేర్ల స్థానంలో ఖాళీ డబ్బాలు వరుసగా కనిపిస్తాయి, ఎందుకంటే కారు సాఫ్ట్‌వేర్‌లో తెలుగు అక్షరాలు లేవు. అదే పాటను ఆండ్రాయిడ్ ఆటోలో పెడితే పేరు ఒత్తులతో, గుణింతాలతో చక్కగా కనిపిస్తుంది. ఆ అక్షరాలు రాసింది ఫోను, కారు వాటిని బొమ్మగా చూపించింది. కాబట్టి తెర మీద ఏదైనా తేడా వస్తే ముందు ఫోనును చూడాలి. సర్వీసు సెంటర్‌కు వెళ్లాల్సి వచ్చేది అరుదు. గూగుల్ మ్యాప్స్ తెలుగులో దారి చెప్పడం కూడా ఫోనులోని అమరికే. భాష అక్కడ మారిస్తే కారులో గొంతు మారుతుంది.

పాత కారు కొనాలనుకునేవారికి ఒక జాగ్రత్త. కార్‌ప్లే 2014లో, ఆండ్రాయిడ్ ఆటో 2015లో వచ్చాయి. మొదట్లో రెండూ కేబుల్‌తోనే పనిచేసేవి. ఐఫోన్లలో వైర్‌లెస్ కార్‌ప్లేకు 2015లో ఐఓఎస్ 9 (ఐఫోను సాఫ్ట్‌వేర్)తో వీలు కలిగినా, కార్లలోకి అది రావడానికి ఇంకొంత కాలం పట్టింది. ఆండ్రాయిడ్ వైపు 2018లో కొద్ది ఫోన్లతో మొదలై, ఆండ్రాయిడ్ 11 వచ్చాక ఎక్కువ ఫోన్లకు అందింది. ఫోనులో 5 గిగాహెర్ట్జ్ వైఫై ఉండాలి. అమ్మేవారు ‘ఇందులో కార్‌ప్లే ఉంది’ అన్నంత మాత్రాన అది వైర్‌లెస్ అని అర్థం కాదు. కేబుల్ లేకుండా మీ ఫోనునే కలిపి చూపించమని అడగండి.

మొదటిసారి జత చేయడంలో కష్టమేమీ లేదు. కారును ఆపి ఉంచి చేయాలి, అంతే. కారు తెర మీద, ఫోను మీద ఒకే అంకెలు వచ్చాయో లేదో చూసుకుని ఒప్పుకుంటే సరిపోతుంది. ఆ వెంటనే ఫోను వరుసగా అనుమతులు అడుగుతుంది: కాంటాక్టులు, మెసేజ్‌లు, లొకేషన్, లాక్ అయి ఉన్నప్పుడు కూడా పనిచేయడం. తొందరలో అన్నిటికీ సరేనంటాం. వీటిలో చివరిది ఇవ్వకపోతే ప్రతిసారీ ఫోను తీసి లాక్ తెరవాల్సి వస్తుంది, వైర్‌లెస్ వల్ల వచ్చిన లాభమంతా అక్కడే పోతుంది. మెసేజ్‌ల విషయంలో మాత్రం ఆలోచించుకోవాలి. పక్కన ఎవరున్నా సరే, మెసేజ్ వచ్చిందన్న సూచన పంపినవారి పేరుతో సహా తెర మీద మెరుస్తుంది. నేను మెసేజ్‌లు తెర మీద కనిపించకుండా సెట్టింగ్స్‌లో ఆపేశాను.

రోజువారీ వాడకంలో అన్నీ మొదటి నిమిషం మీదే ఆధారపడతాయి. బయట పార్కింగ్‌లో స్టార్ట్ చేసినప్పుడు మా కారు వెంటనే కలుస్తుంది. ఇంటి ముందు స్టార్ట్ చేసినప్పుడే పేచీ. గేటు దగ్గర ఇంటి వైఫై పూర్తిగా పోదు, సరిగా అందదు. ఫోను ఆ బలహీనమైన సిగ్నల్‌ను పట్టుకుని వేలాడుతుంది. కారు తెర మీద ఆండ్రాయిడ్ ఆటో వస్తుంది కానీ మ్యాపులో వీధులు ఉండవు, బూడిద రంగు తెర మధ్య నీలి బాణం ఒక్కటే నిలబడి ఉంటుంది. వీధి చివర మలుపు తిరిగాక ఒక్కసారిగా రోడ్లన్నీ ప్రత్యక్షమవుతాయి. దీనికి విరుగుడుగా వైఫై ఆపేయకూడదు. వైఫై ఆపితే కారుతో బంధమే తెగిపోతుంది. బ్యాటరీ మిగుల్చుకుందామని బయటికి వెళ్లేటప్పుడు వైఫై ఆపేసే అలవాటున్నవారు, కారు కలవడం లేదని విసుక్కోవడం నేను చాలాసార్లు చూశాను. నేను చేసిందల్లా తరచూ తిరిగే ప్రాంతాల మ్యాపులను ముందే ఫోనులోకి దించుకోవడం. అప్పటి నుంచి నెట్ అందకపోయినా వీధులు కనిపిస్తున్నాయి.

ఈ మొదటి నిమిషం గురించి నాకు గట్టి అభిప్రాయం ఉంది. మ్యాపు వచ్చి, దారి మొదలైన తర్వాతే బండి కదలాలి. కేబుల్ అయితే గుచ్చామా లేదా అన్నది చేతికి తెలుస్తుంది. వైరు లేనప్పుడు ‘కలుస్తోంది’ అన్న మాట తెర మీద తిరుగుతూనే ఉంటుంది, మనసు అక్కడే చిక్కుకుంటుంది. కదిలే బండిలో ఆ తెర వైపు చూస్తూ కూర్చోవడం ఫోను చేతిలో పట్టుకుని నడపడం కన్నా ఏ మాత్రం మేలు కాదు. కలవకపోతే ఆ ప్రయాణానికి వదిలేయాలి, లేదా బండి పక్కకు ఆపి కేబుల్ పెట్టుకోవాలి.

ఇక రెండు ఫోన్ల కథ. మేమిద్దరం కారెక్కితే, కిందటిసారి చివరగా కలిసిన ఫోనునే కారు ముందు వెతుకుతుంది. నేను నడుపుతుంటే మావారి ఫోనులోని మ్యాపు రావడం మామూలే. మార్చుకోవడానికి మెనూలో నాలుగు చోట్ల నొక్కాలి. స్టీరింగ్ మీద ఒక్క బటన్ ఇచ్చి ఉంటే ఎంత హాయిగా ఉండేదో.

దీనికన్నా ఇబ్బంది పెట్టేది ఇంకొకటి ఉంది. నేను ఇంట్లో ముందు గదిలో ఫోన్ మాట్లాడుతున్నాను. మావారు బయట కారు స్టార్ట్ చేశారు. నా ఫోను కారును గుర్తుపట్టింది, కాల్ అటు వెళ్లిపోయింది. నా చెవిలో నిశ్శబ్దం, కారు స్పీకర్లలో నా స్నేహితురాలి గొంతు. ఆమె తన ఆరోగ్యం గురించి చెబుతోంది. ఇలాంటి మాటలు కారు కిటికీలోంచి వీధిలోకి వినిపించడం చిన్న విషయం కాదు. కాల్ తెర మీద ఉండే ఆడియో గుర్తును నొక్కి వెనక్కి ఫోనుకు తెచ్చుకోవచ్చు. ఆ గుర్తు ఎక్కడుందో ఇంట్లో అందరికీ చూపించి పెట్టాను.

మధ్యలో తెగిపోవడం ఉందా అని అడిగితే, ఉంది. రద్దీ కూడళ్ల దగ్గర ఒక్కోసారి మ్యాపు ఆగి, మాయమై, కాసేపటికి మళ్లీ వస్తుంది. ఒకసారి కాల్ మాట్లాడుతుండగా మ్యాపు పోయింది, కాల్ మాత్రం తెగలేదు. ఆండ్రాయిడ్ ఆటోలో కాల్ మాటలు బ్లూటూత్ మీద నడుస్తాయి, బొమ్మ వైఫై మీద నడుస్తుంది. ఒకటి కూలినా రెండోది నిలబడింది. తెగినప్పుడు ఈ తేడా గమనిస్తే తప్పు ఏ వైపుందో సగం తెలిసిపోతుంది.

వేడి సంగతి కొంచెం వివరంగా చెప్పాలి. వైర్‌లెస్ వాడేటప్పుడు ఫోను జీపీఎస్, మొబైల్ డేటా, వైఫై, వీడియో తయారీ అన్నీ ఒకేసారి చేస్తుంది. బ్యాటరీ త్వరగా దిగుతుంది. దిగుతోంది కదా అని వైర్‌లెస్ ఛార్జింగ్ పలక మీద పెడితే, ఆ పద్ధతిలో కొంత కరెంటు వేడిగా మారి వృథా అవుతుంది కాబట్టి ఫోను మరింత కాలుతుంది. ఐఫోనును 0 నుంచి 35 డిగ్రీల సెల్సియస్ మధ్య వాడాలని, ఊరికే ఉంచినా 45 డిగ్రీలు దాటనివ్వకూడదని ఆపిల్ చెబుతోంది. ఎండలో ఆపిన కారు లోపల ఆ హద్దు దాటడానికి ఎంతోసేపు పట్టదు. వేసవి మధ్యాహ్నం మావారి ఫోను ఆ పలక మీద ఛార్జింగ్ ఎక్కడం ఆగిపోయింది, పట్టుకుంటే చేయి చురుక్కుమంది. అప్పటి నుంచి దూర ప్రయాణమైతే కేబులే పెడుతున్నాం. ఫోనును ఏసీ గాలి తగిలే చోట ఉంచుతున్నాం. ఊళ్లో తిరగడానికి వైర్‌లెస్, ఊరు దాటితే కేబుల్ అన్న పద్ధతి మాకు బాగా కుదిరింది.

ధ్వనిలో తేడా నా చెవికి తెలియలేదు. ఆలస్యం మాత్రం తెలుస్తుంది. పాట మార్చితే కేబుల్ మీద తక్షణమే మారుతుంది, వైర్‌లెస్‌లో ఓ క్షణం ఆగి మారుతుంది. దారి చెప్పే గొంతు కూడా కాస్త వెనకబడుతుంది కనుక, దగ్గర దగ్గరగా మలుపులున్న చోట తెర మీది బాణాన్ని నమ్ముకోవడం మంచిది.

కేబుల్ మాత్రమే ఉన్న కార్లకు చిన్న అడాప్టర్లు దొరుకుతాయి. మా అన్నయ్య కారులో అలాంటిదే ఉంది. దాన్ని యూఎస్‌బీలో పెడితే కారు తనకు కేబుల్‌తో ఫోను తగిలించారనే అనుకుంటుంది, అడాప్టర్ ఫోనుతో వైర్‌లెస్‌గా మాట్లాడుతుంది. పని జరుగుతుంది. అయితే ముందు అడాప్టర్ మేలుకోవాలి, తర్వాత ఫోను కలవాలి, ఆ మొదటి నిమిషం మరింత సాగుతుంది. రోజూ చిన్న చిన్న దూరాలు తిరిగేవారికి అది విసుగే.

ఫోను అప్‌డేట్ తర్వాత ఉన్నట్టుండి కలవడం మానేస్తే, నేను పాటించే వరుస ఇది. ముందు వీపీఎన్ (ఫోను నెట్ వాడకాన్ని వేరే సర్వర్ దారిలో పంపే సదుపాయం) ఆన్‌లో ఉందేమో చూస్తాను. నా ఫోనులో చాలాసార్లు దోషి అదే. తర్వాత బ్యాటరీ పొదుపు అమరికల్లో ఆండ్రాయిడ్ ఆటోకు ఆంక్షలేవైనా పడ్డాయేమో చూసి తీసేస్తాను. అప్పటికీ కుదరకపోతే జతను తొలగించి మొదటి నుంచి చేస్తాను. తొలగించడం రెండు వైపులా జరగాలి, ఫోనులో కారు పేరు, కారులో ఫోను పేరు. ఒక వైపే తీస్తే రెండో వైపున్న పాత గుర్తు అడ్డుపడుతూనే ఉంటుంది. కారు వ్యవస్థను పూర్తిగా రీసెట్ చేయాల్సిన అవసరం మాకు ఇంతవరకు రాలేదు.

రీసెట్ తప్పనిసరిగా చేయాల్సింది కారు అమ్మేటప్పుడు. బ్లూటూత్ ద్వారా వెళ్లిన కాంటాక్టులు, కాల్ జాబితా, కారు సొంత నావిగేషన్‌లో దాచిన ఇంటి చిరునామా అన్నీ కారు లోపలే ఉండిపోవచ్చు. ఫోనులో కారు పేరు తీసేస్తే అవి పోవు. అద్దె కారుకైనా అంతే. తాళాలు తిరిగి ఇచ్చేముందు కారు తెర మీది జాబితాలోంచి మీ ఫోను పేరు తొలగించండి. కాంటాక్టులు కూడా తీసేయాలా అని అది అడిగితే అవునని చెప్పండి.