మెటాలికాలో బేస్ వినపడాలంటే: లాస్‌లెస్‌తో ఏళ్ల తరబడి విన్నాక

అమెరికా బ్యాండ్ మెటాలికా వాయించే త్రాష్ మెటల్‌కి (వేగంగా, గట్టిగా సాగే రాక్ సంగీతం) లాస్‌లెస్ (అసలు రికార్డింగ్‌లో దేన్నీ పారేయని ఫైల్) ఎందుకు, అదంతా గోలే కదా అని చాలామంది అడుగుతుంటారు. నా అనుభవంలో అలాంటి సంగీతానికే అది ఎక్కువ పనికొస్తుంది. డిస్టార్షన్ గిటార్లు, సింబల్స్ (డ్రమ్ముల పక్కనుండే ఇత్తడి పళ్లేలు), డబుల్ బేస్ డ్రమ్ములు అన్నీ ఒకేసారి మోగుతుంటే తక్కువ బిట్‌రేట్ (సెకనుకు వాడే డేటా) ఎంపీ3కి ఊపిరాడదు. 128 కేబీపీఎస్‌లో (సెకనుకు 128 కిలోబిట్లు) మెటాలికా డ్రమ్మర్ లార్స్ ఉల్రిక్ సింబల్ మీద కర్ర పడిన దెబ్బ తెలియదు, దాని వెనకాల వచ్చే బుస ఒక్కటే మిగులుతుంది.

విజయనగరంలో మేం డిగ్రీ చదివేటప్పుడు మెటాలికా మాకు మెమరీ కార్డుల్లోనే దొరికేది. ఒకరి ఫోన్లోంచి ఇంకొకరి ఫోన్లోకి పోయిన ఫైళ్లు అవి. ఉద్యోగం వచ్చాక ఒక్కో సీడీ కొనుక్కుని ఫ్లాక్ అనే లాస్‌లెస్ ఫార్మాట్‌లోకి మార్చుకున్నాను. ఇప్పుడు ఫోను, టైప్-సి డాంగిల్ (ఫోన్‌కి ఇయర్‌ఫోన్ వైరు తగిలించే చిన్న ముక్క), వైరున్న ఇయర్‌ఫోన్లు, అంతే నా సరంజామా. సీడీలో ఉండేది 16 బిట్లు, 44.1 కిలోహెర్ట్జ్, అంటే సెకనుకు 1,411 కిలోబిట్లు. ఫ్లాక్ అందులో దేన్నీ పారేయదు, చిన్నగా మడిచి పెడుతుంది. కాకపోతే మెటల్‌లో మొదటినుంచి చివరిదాకా మోతే కాబట్టి మడత పెద్దగా పడదు. దాదాపు 55 నిమిషాల ‘మాస్టర్ ఆఫ్ పపెట్స్’ నా ఫోన్లో ఇంచుమించు 400 ఎంబీ తింటోంది.

నిజం చెప్పాలంటే 320 కేబీపీఎస్ ఎంపీ3కీ ఫ్లాక్‌కీ మధ్య చాలా పాటల్లో నాకు తేడా తెలియదు. తమ్ముడి చేత పేర్లు దాచి పెట్టించుకుని విన్నాను. మోత ఆగి ఒక్క వాయిద్యమే మిగిలిన చోట్ల, సింబల్ మోగి మెల్లగా ఆరిపోయే చోట్ల అప్పుడప్పుడు పట్టగలిగాను. బ్లూటూత్ నుంచి వైరుకి మారినప్పుడు తెలిసిన తేడా ఇంతకంటే చాలా పెద్దది. మామూలు బ్లూటూత్ ఇయర్‌బడ్స్‌కి మీరు ఎంత మంచి ఫైల్ ఇచ్చినా, గాలిలోకి పంపేముందు ఫోన్ దాన్ని మళ్లీ కుదించేస్తుంది.

ఇక ఆల్బమ్‌లు. ‘కిల్ ఎమ్ ఆల్’ (1983) కుర్రాళ్ల ఆవేశం, దాన్ని ఏ ఫార్మాట్‌లో విన్నా ఒకటే. కాకపోతే అందులో బేస్ (లావు తీగల, లోతైన స్వరాల గిటార్) వాయించే క్లిఫ్ బర్టన్ సోలో ‘అనస్తీషియా’ ఉంది. అది మామూలు గిటారే అనుకునేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. ‘రైడ్ ద లైట్నింగ్’ (1984) నుంచే కోపెన్‌హాగెన్‌లోని స్వీట్ సైలెన్స్ స్టూడియో, నిర్మాత ఫ్లెమింగ్ రాస్ముసెన్ చెయ్యి మొదలయ్యాయి.

1986లో వచ్చిన ‘మాస్టర్ ఆఫ్ పపెట్స్’ దగ్గర మాత్రం నేను ఆగిపోతాను. 2022లో ఒక వెబ్ సిరీస్ పుణ్యమా అని టైటిల్ పాట మా వీధిలో ఇంటర్ పిల్లల ఫోన్లలోకి కూడా వచ్చింది. అందులో మొదటి సోలో, ఆ నెమ్మదైన మధ్యభాగంలోది, వాయించింది లీడ్ గిటారిస్టు కిర్క్ హామెట్ కాదు, గాయకుడు జేమ్స్ హెట్‌ఫీల్డ్. పాడటం మొదలయ్యాక ప్రతి నాలుగో ఆవర్తనం పూర్తి కాకుండానే తెగి మళ్లీ మొదటికి వస్తుంది. ఆ తెగే చోట డ్రమ్ కచ్చితంగా ఎక్కడ పడిందో స్పష్టంగా వినపడితేనే ఆ కుదుపు ఒంటికి తగులుతుంది.

అదే ఆల్బమ్‌లోని మాటల్లేని ‘ఓరియన్’ మా పిన్నికి వినిపించాను. ఆవిడ మహారాజా సంగీత కళాశాలలో వయొలిన్ నేర్చుకున్న మనిషి. మొదటి నాలుగు నిమిషాలూ మొహం చిట్లించుకునే కూర్చుంది. మోత అంతా ఆగి బేస్ ఒంటరిగా నడక మొదలుపెట్టగానే చెయ్యి ఎత్తి ఆపమంది.

“ఇదేట్రా, గిటారేనా?”

“కాదు పిన్నీ, బేస్ గిటార్.”

“ఇక్కడ నడక మారిపోయింది చూశావా? ఇందాక చతురశ్రం, ఇప్పుడు తిశ్రం. మళ్లీ పెట్టు.”

నాలుగు లెక్కల నడక మూడు లెక్కల్లోకి మారిందని ఆవిడ అనడం. ఆ తర్వాత తొడ మీద తాళం వేసుకుంటూ చివరిదాకా వింది. ఆ భాగం బర్టన్ కూర్చినదే. ఆల్బమ్ వచ్చిన ఏడాదే, సెప్టెంబర్ 27న, స్వీడన్‌లో బస్సు బోల్తా పడి అతను పోయాడు. 24 ఏళ్లు. ఈ పాటలో తీగ మీద అతని వేలు జారిన చప్పుడు వినడానికైనా మంచి ఫైలూ, మంచి వైరూ పెట్టుకోమంటాను. మొదట్లో బేస్ చాలా మెల్లగా పైకి వస్తుంది. వేసవిలో మా ఇంట్లో సీలింగ్ ఫ్యాన్ ఆ శబ్దాన్ని మొత్తం మింగేస్తుంది, అందుకే నేను రాత్రి కరెంటు పోయినప్పుడు వింటాను.

‘అండ్ జస్టిస్ ఫర్ ఆల్’ (1988) దీనికి పూర్తిగా వ్యతిరేకం. బర్టన్ స్థానంలో వచ్చిన జేసన్ న్యూస్టెడ్ వాయించాడు గానీ బేస్ దాదాపు వినపడదు. ఉల్రిక్ చెప్పబట్టే తగ్గించామని మిక్సింగ్ (ఏ వాయిద్యం ఎంత వినపడాలో కలపడం) చేసిన స్టీవ్ థాంప్సన్ తర్వాత ఇంటర్వ్యూల్లో చెప్పాడు. 2018లో రీమాస్టర్ (పాత మిక్స్‌కే మళ్లీ తుది మెరుగులు) వచ్చినప్పుడు ఎంతో ఆశపడి విన్నాను. మిక్స్ మార్చలేదు కాబట్టి బేస్ అక్కడే ఉండిపోయింది. ఎంత స్వచ్ఛమైన ఫైల్ అయినా లోపల లేనిదాన్ని తేలేదు. నాకు మాత్రం ఈ విషయంలో ఇప్పటికీ కోపమే. ‘వన్’లో ఆ డబుల్ బేస్ డ్రమ్ముల కింద న్యూస్టెడ్ కూడా గట్టిగా వినపడి ఉంటే ఆ పాట ఇంకెక్కడో ఉండేది.

1991 బ్లాక్ ఆల్బమ్‌లో నిర్మాత బాబ్ రాక్ ఆ లోటు తీర్చాడు. బేస్, డ్రమ్ము రెండూ గుండెకి తగులుతాయి. అది త్రాష్ కాదనే వాళ్లతో నాకు పేచీ లేదు. ‘సెయింట్ యాంగర్’ (2003) స్నేర్ డ్రమ్ము చప్పుడు నాకు పడదు, దాన్ని వదిలేద్దాం.

2008 నాటి ‘డెత్ మాగ్నెటిక్’ పాటలు చాలా బాగుంటాయి, రికార్డింగే బాధ. మోత పెంచడం కోసం ఎత్తుపల్లాలు చదును చేసేశారు, శబ్ద తరంగం కొసలు తెగిపోయి గరగరలాడతాయి. తన దగ్గరికి వచ్చేసరికే మిక్స్ అలా ఉందని మాస్టరింగ్ చేసిన టెడ్ జెన్సెన్ చెప్పాడు. అవే పాటలు గిటార్ హీరో వీడియో గేమ్‌లో ఇంతకంటే శుభ్రంగా ఉన్నాయని అభిమానులు అప్పుడే కనిపెట్టారు. దీన్ని ఫ్లాక్‌లో పెట్టుకోవడం ఫోన్లో చోటు దండగ. నేను ఎంపీ3లోనే ఉంచుకున్నాను.

2011 అక్టోబర్ 30న బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో వాళ్లు వాయించినప్పుడు, ప్రశాంతి ఎక్స్‌ప్రెస్ ఎక్కి వెళ్లాను. న్యూస్టెడ్ వెళ్లాక వచ్చిన రాబర్ట్ త్రుహీయో బేస్ అక్కడ కాళ్ల కింద నేలలోంచి వచ్చింది. ఇయర్‌ఫోన్లలో అది రాదు. అయితే 2023 నాటి ‘72 సీజన్స్’ చివర్లో ‘ఇనమొరాటా’ ఉంది, 11 నిమిషాలు దాటే పాట, మెటాలికా సొంత ఆల్బమ్‌ల్లో తామే రాసుకున్న పాటలన్నిట్లో పొడవైనది. మధ్యలో గిటార్లు తప్పుకుంటాయి, త్రుహీయో బేస్‌కి బోలెడంత చోటు దొరుకుతుంది. ఈ మధ్య నేను ఎక్కువగా వెనక్కి తిప్పి తిప్పి వింటున్న ముక్క అదే.