ఫ్రాక్చర్ కోడింగ్‌కి ఏది మేలు: పుస్తకమా, ఎన్‌కోడరా?

అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ (పేషెంట్ జబ్బునీ, దెబ్బనీ కోడ్లుగా మార్చే పని) కోర్సు చేస్తున్నవాళ్లూ, కొత్తగా ఆర్థో చార్టులు (ఎముకల పేషెంట్ల రికార్డులు) చేతికొచ్చినవాళ్లూ పదేపదే అడిగేది ఇదే: "ఎన్‌కోడర్ ఉండగా అంత లావు ఐసీడీ పుస్తకం ఎందుకండీ?" ఐసీడీ అంటే ఆ కోడ్ల జాబితా, ఎన్‌కోడర్ అంటే వాటిని వెతికిపెట్టే సాఫ్ట్‌వేర్.

వేగంలో ఎన్‌కోడర్‌దే పైచేయి. రోజుకిన్ని చార్టులని టార్గెట్ ఉన్నచోట పేజీలు తిప్పుతూ కూర్చుంటే పని తెమలదు. ఏటా అక్టోబర్ 1న కోడ్లు మారితే ఎన్‌కోడర్ దానంతటదే మారిపోతుంది, పుస్తకం మాత్రం మళ్లీ కొనాలి. చికిత్స ఏ దశలో ఉందో చెప్పే, కోడ్ చివరి ఏడో అక్షరం మర్చిపోయినా అది గుర్తుచేస్తుంది.

అయినా చేతి ఎముకల ఫ్రాక్చర్లు నేర్చుకునే దశలో నేను పుస్తకం వైపే ఉంటాను. కోడ్ చుట్టూ ఉండే నోట్స్ అందులో కంటపడకుండా పోవు. ఆడిట్‌లో (చేసిన కోడింగ్‌ని సరిచూసే తనిఖీలో) మార్కులు పోయేది ఎక్కువగా ఆ నోట్స్ దగ్గరే.

ఒక చార్టు చూద్దాం. ఈఆర్ (ఎమర్జెన్సీ) డాక్టర్ "రిస్ట్ ఫ్రాక్చర్, రైట్" అని రాశారు. ఎన్‌కోడర్‌లో అదే కొడితే ఎస్62.101 (కుడి మణికట్టులో ఏదో ఒక కార్పల్ ఎముక అని) వస్తుంది. చివర ఒక ఎక్స్ (ఖాళీ స్థానం నింపే అక్షరం), దాని తర్వాత ఏడో అక్షరంగా ఎ అనుకునేరు, ఇక్కడ ఆరు స్థానాలూ నిండి ఉన్నాయి కాబట్టి నేరుగా ఎ పెడితే సరిపోతుంది. ఎర్రర్ ఏదీ రాదు. కానీ అదే చార్టులో కిందికి వెళ్తే, ఎక్స్‌రే చూసిన రేడియాలజిస్ట్ డిస్టల్ రేడియస్ (రేడియస్ ఎముక మణికట్టు వైపు కొస) విరిగిందని రిపోర్టు ఇచ్చి ఉంటారు. అది ముంజేతి ఎముక. మణికట్టులోని ఎనిమిది కార్పల్ ఎముకల్లో అది లేదు, దాని కోడ్ ఎస్52.5లో వెతకాలి. పుస్తకంలో ఎస్62 హెడ్డింగ్ కిందే, ఎక్స్‌క్లూడ్స్2 నోట్‌లో (ఈ కోడ్ కిందికి రానివి చెప్పే నోట్), రేడియస్, అల్నాల కింది భాగాలకు ఎస్52 చూడమని అచ్చేసి ఉంటుంది. ఆ పేజీ తెరిచినవాళ్లు ఒక్కసారైనా రిపోర్టు కేసి చూస్తారు.

డిస్‌ప్లేస్‌మెంట్ (విరిగిన ఎముక పక్కకు జరగడం) దగ్గరా ఇంతే. "కుడి చెయ్యి, ఐదో మెటాకార్పల్ నెక్ ఫ్రాక్చర్" (మెటాకార్పల్ అంటే అరచేతి ఎముక) అని మాత్రమే ఉంది, ఎముక పక్కకు జరిగిందో లేదో రాయలేదు. ఎన్‌కోడర్ లిస్టులో ఎస్62.336 (జరిగింది), ఎస్62.366 (జరగలేదు) రెండూ కనిపిస్తాయి. జరిగిందని రాయలేదు కదా అని కొత్తవాళ్లు రెండోది నొక్కేస్తారు. రూలు దీనికి తలకిందులు: ఏమీ చెప్పకపోతే డిస్‌ప్లేస్డ్, ఓపెన్ (చర్మం చీలిన గాయం) అని చెప్పకపోతే క్లోజ్డ్. కాబట్టి ఎస్62.336ఎ. ఈ రెండు వాక్యాలూ ఎస్62 హెడ్డింగ్ దగ్గరే ఉంటాయి.

బొటనవేలి విషయంలో అనాటమీ వస్తే చాలు. బెన్నెట్ ఫ్రాక్చర్ మొదటి మెటాకార్పల్‌ది, ఎస్62.21. ఆ బొటనవేలి ఎముకలే విరిగితే ఎస్62.5.

అసలు చిక్కంతా ఏడో అక్షరంతోనే. మెనూలో "ఇనీషియల్ ఎన్‌కౌంటర్" అని కనబడగానే మొదటి విజిట్ అనుకుని, రెండో విజిట్‌కి డి వేసేస్తున్నారు. ఈఆర్‌లో స్ప్లింట్ కట్టి పంపాక, మూడు రోజులకు పేషెంట్ ఆర్థోపెడిక్ సర్జన్ దగ్గరికి వెళ్లి, ఆయన పరీక్షించి పిన్నింగ్ (ఎముకను పిన్నులతో బిగించడం) చేస్తే అది కూడా ఎ. యాక్టివ్ ట్రీట్‌మెంట్ నడిచినంతకాలం, డాక్టర్ మారినా, ఎ మారదు. ట్రీట్‌మెంట్ అయిపోయి, ఎముక మామూలుగా అతుక్కుంటోందా అని చూడ్డానికి వస్తే డి. అతుక్కోవడం ఆలస్యమైతే జి, అతుక్కోకపోతే కె, వంకరగా అతుక్కుంటే పి. స్కఫాయిడ్ (మణికట్టులోని ఒక కార్పల్ ఎముక) చార్టుల్లో కె బాగా తగులుతుంది, ఆ ఎముకకు రక్తసరఫరా తక్కువ మరి. ఈ వివరణంతా పుస్తకం ముందుభాగంలోని గైడ్‌లైన్స్‌లో, 19వ చాప్టర్ కింద ఉంది. ఎన్‌కోడర్‌లో కూడా గైడ్‌లైన్స్ ఉంటాయి, కానీ దానికి వేరే ట్యాబ్ తెరవాలి. పని ఒత్తిడిలో ఎవరూ తెరవరు.

ఎన్‌కోడర్లలో కూడా ప్రశ్న మీద ప్రశ్న అడుగుతూ తీసుకెళ్లే రకం, ఊరికే సెర్చ్ చేసే రకం కంటే నయం. ఉచిత వెబ్‌సైట్లు కోడ్ వివరణ సరిచూసుకోడానికి పనికొస్తాయి. సీనియర్లు పంచే ఎక్సెల్ చీట్‌షీట్లు ఏ ఏడాదివో తెలియదు, వాటి జోలికి పోకండి.

సీపీసీ (కోడర్ సర్టిఫికెట్) పరీక్ష రాసేవాళ్లకైతే ఇందులో ఆలోచించేది ఏమీ లేదు. నాలుగు గంటలు, 100 ప్రశ్నలు, పుస్తకంతోనే కుస్తీ. ఎస్62, ఎస్52 పేజీలకు ట్యాబ్‌లు అంటించుకుని, ఎక్స్‌క్లూడ్స్ నోట్స్ హైలైట్ చేసుకోండి. ఉద్యోగంలో ఉన్నవాళ్లు ఎన్‌కోడర్‌తోనే చేయండి, కాకపోతే కోడ్ దొరకగానే ట్యాబులర్ వ్యూ (పుస్తకంలోలాగే కోడ్లు వరుసగా కనిపించే పేజీ) తెరిచి, ఎస్62 హెడ్డింగ్ దాకా పైకి స్క్రోల్ చేసి, ఆ నోట్స్ చదివాకే సబ్మిట్ కొట్టండి.