వాల్టర్ సాలెస్: 'సెంట్రల్ స్టేషన్' ముందా, 'ఐయామ్ స్టిల్ హియర్' ముందా?

2025లో బ్రెజిల్‌కు తొలిసారి ఉత్తమ అంతర్జాతీయ చిత్రం ఆస్కార్ తెచ్చిపెట్టింది 'ఐయామ్ స్టిల్ హియర్'. దాంతో చాలామంది దర్శకుడు వాల్టర్ సాలెస్ పాత సినిమాలు వెతకడం మొదలుపెట్టారు. వెతికితే అయోమయమే. స్టేషన్‌లో ఉత్తరాలు రాసిపెట్టే పెద్దావిడ ఒకచోట, మోటార్‌సైకిల్ మీద కుర్ర చే గెవారా ఇంకోచోట, న్యూయార్క్‌లో కప్పు కారే ఇంట్లో దెయ్యం కథ మరోచోట. మొదట చూడటానికి అసలు పోటీ మాత్రం రెండింటి మధ్యే.

'సెంట్రల్ స్టేషన్' (1998)లో డోరా రిటైరైన టీచర్. రియో స్టేషన్‌లో బల్ల వేసుకుని, చదువురానివాళ్లకు డబ్బులు తీసుకుని ఉత్తరాలు రాస్తుంది. పోస్టు మాత్రం చెయ్యదు. కొన్ని చించేస్తుంది, కొన్ని సొరుగులో పడేస్తుంది. షూటింగ్‌లో ఆ బల్ల దగ్గరికి నిజం ప్రయాణికులే వచ్చి తమ ఉత్తరాలు చెప్పారు. వాటిలో కొన్ని సినిమాలో ఉన్నాయి. కథలో తల్లిని పోగొట్టుకునే పిల్లాడు జొజువే. ఆ పాత్ర వేసిన వినీసియస్ నిజంగానే రియో విమానాశ్రయంలో బూట్లు పాలిష్ చేసుకునే పిల్లవాడు.

దీన్ని ఫోన్‌లో చూస్తే సగం పోతుంది. రియోలో ఉన్నంతసేపూ వెనకంతా మసక, జనం ఒకరిమీద ఒకరు పడ్డట్టుంటారు. ఈశాన్యం వైపు బస్సెక్కాక ఫ్రేము విప్పారి ఆకాశం, ఎర్రనేల కనిపిస్తాయి. మరో చిక్కు డోరాయే. తల్లి చనిపోయిన పిల్లాణ్ణి అమ్మేసి ఆ డబ్బుతో కొత్త టీవీ కొంటుంది. అక్కడే విసుగొచ్చి ఆపేస్తే నష్టం మీదే. అసలు కథ నడిచేది ఆ తర్వాతే.

'ఐయామ్ స్టిల్ హియర్' (2024) తీరు దీనికి తలకిందులు. మొదటి అరగంటలో ఏమీ జరగనట్టే ఉంటుంది. రియోలో లెబ్లాన్ బీచ్ పక్కన ఇల్లు, పిల్లలు, వచ్చేపోయే స్నేహితులు, సూపర్-8 కెమెరాలో ఆటలు. చూసేవాళ్ల చెయ్యి ఫోన్ మీదికి పోయేది ఇక్కడే. 1971 జనవరిలో సాయుధులు వచ్చి ఆ ఇంటి కర్టెన్లు మూసేసినప్పుడు గుండె జారాలంటే, అంతకుముందు ఆ ఇంట్లో మనమూ కాసేపు ఉండాలి. సాలెస్ కుర్రాడిగా నిజంగా ఆ ఇంటికి వెళ్లేవాడు, అందుకే ఈ అరగంటను కుదించలేదు. 1964 నుంచి 1985 దాకా బ్రెజిల్‌లో సైనిక పాలన అనీ, ఆ సాయుధులు పట్టుకుపోయిన ఇంటి పెద్ద రూబెన్స్ పైవా పదవి ఊడిన మాజీ ఎంపీ అనీ తెలిస్తే చాలు. పత్రికవాళ్లు దిగులుగా ఉన్న ఫొటో కావాలంటే, అతని భార్య యూనిస్ పిల్లల్ని నవ్వమంటుంది. సినిమా మొత్తం ఆ ఒక్క ఫొటోలో ఉంది. చివర్లో 1996కీ, 2014కీ దూకడం మాత్రం కాస్త హడావుడి.

నా ఓటు 'సెంట్రల్ స్టేషన్' ముందుకే. కారణం ఒక ముఖం. డోరాగా వేసిన ఫెర్నాండా మోంటెనెగ్రోయే కొత్త సినిమాలో ముసలి యూనిస్. మధ్యవయసు యూనిస్ ఆవిడ కూతురు ఫెర్నాండా టోరెస్. తల్లీకూతుళ్లిద్దరూ సాలెస్ సినిమాలతోనే ఉత్తమ నటి ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లారు. డోరాను ముందే ఎరిగినవాళ్లకు ఆ చివరి సన్నివేశంలో మాటలతో పనిలేదు. దేన్ని చూసినా డబ్బింగ్ వద్దు, పోర్చుగీసు గొంతులతో సబ్‌టైటిల్సే మేలు.

నెమ్మది సినిమాలు పడనివాళ్లు 'మోటార్‌సైకిల్ డైరీస్' (2004)తో మొదలుపెట్టొచ్చు. 1952 నాటి ప్రయాణం, పాడైపోయే నార్టన్ బండి, తేలిగ్గా సాగుతుంది. గెవారాను మరీ మహాత్ముణ్ణి చేశారన్న ఫిర్యాదు న్యాయమే.

'డార్క్ వాటర్' (2005), 'ఆన్ ది రోడ్' (2012) వదిలేసినా పర్లేదు. మొదటిది జపాన్ దెయ్యం సినిమాకు రీమేక్. దారిలో తగిలినదాన్ని కథలోకి లాక్కునే సాలెస్‌కు అందులో చోటే లేదు. రెండోది చూడ్డానికి అందంగా ఉంటుంది, అంతే. ఆ సమయం 'లిన్యా జి పాసి' (2008)కి ఇవ్వండి. డానియెలా టోమస్‌తో కలిసి తీసిన ఈ సావో పాలో కథలో తల్లిగా వేసిన సాండ్రా కోర్వెలోనికి కాన్ చిత్రోత్సవంలో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. ఫుట్‌బాల్ జట్టులో చోటు కోసం తిరిగే కొడుకు ఎవరో కాదు, జొజువేగా వేసిన వినీసియస్సే, ఇప్పుడు ఎదిగాడు.