ప్రేమకథకి ఏది మేలు: సినిమానా, సీరియలా, కొరియన్ డ్రామానా?

మంచి లవ్‌స్టోరీ కావాలి, సినిమా చూడాలా, సీరియల్ పెట్టాలా, కొరియన్ డ్రామా మొదలుపెట్టాలా అని అడిగేవాళ్లు ఈమధ్య మరీ ఎక్కువయ్యారు. హీరో అందం, పాటలు కాసేపు పక్కన పెడదాం. నేను చూసేది ఒక్కటే: వాళ్లిద్దర్నీ కలవనివ్వకుండా ఆపుతున్నదేంటి? ఆ అడ్డు ఉత్తదైతే పది నిమిషాలకే చెయ్యి ఫోన్ మీదకి పోతుంది.

సీరియల్‌కి వచ్చిన చిక్కు ఇక్కడే. 2017లో మొదలైన కార్తీకదీపం 2023 దాకా నడిచింది. తనకి పిల్లలు పుట్టరని నమ్మిన డాక్టర్ బాబు భార్యని అనుమానిస్తాడు, అంతే అడ్డు. డాక్టరయ్యుండి ఒక్క డీఎన్‌ఏ టెస్టు చేయించుకోడేంటయ్యా అని మీమ్స్ వేసిన జనమే మళ్లీ సాయంత్రమయ్యేసరికి టీవీ ముందు చేరారు. నన్నడిగితే వాళ్లని కట్టిపడేసింది ప్రేమ కాదు, వంటలక్కకి, అంటే ఆ భార్యకి, న్యాయం ఎప్పుడు జరుగుతుందా అన్న టెన్షన్. టీఆర్పీ వస్తున్నన్నాళ్లూ అనుమానం తీరదు, తీరితే ఇంక చూపించడానికేముంది?

సినిమాకి టైం తక్కువ, ఇద్దరూ దగ్గరవడం చాలాసార్లు ఒక పాటలో అయిపోతుంది. 2022లో వచ్చిన సీతారామం అందుకే గుర్తుండిపోయింది. అనాథ సైనికుడికి భార్యనంటూ ఎవరో ఉత్తరాలు రాయడం, అడ్రస్ లేని ఆ మనిషిని అతను వెతుక్కుంటూ పోవడం, ఆమె దాచిపెట్టిన సంగతి (చూడనివాళ్లకి చెప్పను), ఇవన్నీ ఒక్క మాటతో తేలిపోయేవి కావు.

ఇక కొరియన్ డ్రామా. సాధారణంగా 16 ఎపిసోడ్లు, గంట అటూఇటూగా ఒక్కోటి. నా ఓటు దీనికే, ఎందుకంటే చిన్న విషయానికి కూడా చోటుంటుంది. క్రాష్ ల్యాండింగ్ ఆన్ యూలో పారాగ్లైడింగ్ చేస్తూ గాలికి కొట్టుకుపోయి ఉత్తర కొరియాలో పడిన దక్షిణ కొరియా అమ్మాయి సువాసన కొవ్వొత్తి అడిగితే, అక్కడి ఆర్మీ ఆఫీసరైన హీరో మామూలుది తెచ్చిస్తాడు. తర్వాత ఆమె చీకట్లో బజార్లో తప్పిపోయినప్పుడు వెలిగించిన కొవ్వొత్తి పైకెత్తి పట్టుకుని నిలబడతాడు, ఈసారి సువాసనదే. ఐ లవ్ యూ అనకుండానే అర్థమైపోతుంది. పైగా మధ్యలో ఉన్నది సరిహద్దు, దాన్ని ఏ డీఎన్‌ఏ టెస్టూ తీర్చలేదు.

వెబ్ సిరీస్‌లంటారా, సీజన్ చివర సగంలో వదిలేసి రెండోది ఎప్పుడొస్తుందో చెప్పరు, నాకంత ఓపిక లేదు. ఒక్క సాయంత్రమే ఖాళీ ఉంటే సినిమా చూడండి. వారాంతం మొత్తం ఖాళీ అయితే కొరియన్‌ది పెట్టండి, సబ్‌టైటిల్స్ రెండో ఎపిసోడ్‌కల్లా అలవాటైపోతాయి.