పాత దస్తావేజుల తేదీ తేల్చే లేఖరి, విజయవాడ: నాలుగు స్టార్లు

గాంధీనగర్‌లో పాత దస్తావేజులు చదివి శుద్ధప్రతి రాసిచ్చే ఈ లేఖరి పని నికార్సు. చిక్కంతా సంవత్సరం పేరుతోనే. ఉత్త 'విశ్వావసు' అని ఉంటే 1905 కావచ్చు, 1965 కావచ్చు. 60 ఏళ్లకోసారి తిరిగొచ్చే పేరాయె! ఈయన ముందు స్టాంపు చూస్తారు. విలువ నయా పైసల్లో ఉంటే 1957కు ముందుది కానే కాదు. ఆపైన తిథి, వారం రెండూ పాత పంచాంగంతో కలవాలి. మాఘ శుద్ధంలో రాసిన కాగితాన్ని 1965 అనేస్తారు చాలామంది. ఏడు మారేది ఉగాదికి కదా, అది 1966. ఇక్కడ ఆ పొరపాటు దొర్లదు.

లోటల్లా, శక సంవత్సరం వేయరు. పైన చెప్పిన 1966 కాగితానికైతే పక్కన శక 1887 అని అడిగి వేయించుకోండి. జిరాక్సు వద్దు, అసలు కాగితమే పట్టుకెళ్లండి. జిరాక్సులో స్టాంపు అంకెలు అలుక్కుపోతాయి.