అజ్జరంలో చేయించిన గడియకుడుక: నలభై రోజులు వాడాక

నేను రాస్తున్న నవల ఒక కల్పిత రాజ్యం గురించి. పెద్ద నది, నది మధ్య లంకలు, ఒక లంక మీద కోట. ఆ కోటలో ఎప్పటిదో తెలియనంత పాత రాగి గిన్నె ఉంటుంది. అది నీళ్లలో మునిగినప్పుడల్లా గంట కొడతారు. ఆ గంట వినే పడవలు కదులుతాయి, గుడి తలుపులు తెరుస్తారు. మూడు అధ్యాయాలు రాశాక పెన్ను ఆగిపోయింది. గిన్నె మునిగేటప్పుడు చప్పుడవుతుందా? దాని పక్కన కూర్చున్న మనిషి ఏం చేస్తుంటాడు? ఇవి తెలియకుండా ఊహించి రాయడం నాకు నచ్చలేదు. అందుకే గడియకుడుక కొన్నాను.

ఇది మన దేశంలో వందల ఏళ్లు నడిచిన గడియారమే. అడుగున సన్నని బెజ్జం ఉన్న రాగి గిన్నెను నీళ్ల మీద వదిలితే మెల్లగా నిండి మునుగుతుంది. ఒకసారి మునిగితే ఒక గడియ, అంటే 24 నిమిషాలు. రాత్రీ పగలూ కలిపి అరవై సార్లు మునగాలని పాత ఖగోళ గ్రంథం సూర్యసిద్ధాంతం చెబుతుంది. పంచాంగంలో తిథి పక్కన ఇప్పటికీ కనిపించే ఘడియలు, విఘడియలు ఈ లెక్కలోవే. అన్నవరం కొండ మీద నీడ గడియారం చూసినవాళ్లకు దీని అవసరం వెంటనే అర్థమవుతుంది. మబ్బు పట్టినా, చీకటి పడినా నీడ ఉండదు. గిన్నె మాత్రం మునుగుతూనే ఉంటుంది.

మొదట ఒక ఆన్‌లైన్ షాపులో తెప్పించాను. 24 నిమిషాలు అని రాసి ఉంది, తొమ్మిది నిమిషాలకే మునిగింది. డ్రిల్లుతో పొడిచిన బెజ్జం, అంచులన్నీ గరుకు. డబ్బు వెనక్కి ఇవ్వలేదు. షోకేసులో పెట్టుకోవడానికి తప్ప అది దేనికీ పనికిరాదు.

తర్వాత ఇత్తడి పనికి పేరున్న అజ్జరం వెళ్లాను. రెండు మూడు చోట్ల అడిగితే ఒక పెద్దాయన ఒప్పుకున్నారు. కొలతలు చెప్పబోతే ఆపేసి, "ఎన్ని నిమిషాలకు మునగాలో చెప్పండమ్మా, మిగతాది నేను చూసుకుంటా" అన్నారు. వారం తర్వాత వెళ్లేసరికి గిన్నె తయారుగా ఉంది. పన్నెండు సెంటీమీటర్ల వెడల్పు, రెండు వందల గ్రాముల బరువు, బెజ్జం మిల్లీమీటరు కన్నా చిన్నది. అక్కడే బకెట్లో వేసి చూస్తే 26 నిమిషాలు పట్టింది. సూదితో బెజ్జం కొంచెం పెద్దది చేశారు, 22 నిమిషాల 10 సెకన్లకు వచ్చింది. ఈసారి బెజ్జం చుట్టూ చిన్న సుత్తితో మెల్లగా తట్టి బిగించారు. 23 నిమిషాల 50 సెకన్లు! ఒక్కో పరీక్షకు అంతసేపు ఆగాలి కదా, ఆయన విసుక్కోలేదు. పక్కన వేరే బిందెకు మాటు వేసుకుంటూ, మధ్యమధ్యలో బకెట్ వైపు చూస్తూ కూర్చున్నారు. తీసుకున్నది 1,900 రూపాయలు. ఆ ఓపికకు అది తక్కువే అనిపించింది.

ఇంట్లో మొదటిసారి వేసినప్పుడు మా అబ్బాయి ఫోన్లో స్టాప్‌వాచ్ పట్టుకుని కూర్చున్నాడు. గిన్నె అంచు దాకా నిండాక మునుగుతుందని ఇద్దరం అనుకున్నాం. అలా జరగలేదు. లోపలి నీళ్లు అంచుకు ఇంకా వేలెడు కింద ఉండగానే బయటి నీళ్లు ఒక్కసారిగా అన్ని వైపుల నుంచీ లోపలికి దూకాయి. గుళుక్కుమని మునిగిపోయింది. ప్లాస్టిక్ టబ్‌లో ఆ చప్పుడు పక్కన ఉంటేనే వినిపిస్తుంది. అదే మా ఇత్తడి గంగాళంలో వేస్తే అడుగున తగిలి టంగుమంటుంది, వంటగది దాకా వినిపిస్తుంది. కొనేవాళ్లు గంగాళం కూడా చూసుకోండి.

జాగ్రత్తలు చాలా ఉన్నాయి. మా బోరు నీళ్లకు వారంలోనే బెజ్జం చుట్టూ తెల్లగా పేరుకుంది. ఫిల్టరు నీళ్లే వాడండి. చింతపండుతో తోమిన రోజు ఒక పీచు ఇరుక్కుని 31 నిమిషాలు పట్టింది. జనవరి తెల్లవారుజామున చల్లటి నీళ్లలో దాదాపు ముప్పావు నిమిషం ఆలస్యమైంది. నిమిషం తేడా కూడా ఒప్పుకోనివాళ్లకు ఇది వద్దు.

ఒక రాత్రి తొమ్మిదింటికి మొదలుపెట్టి, పన్నెండింటి దాకా ఒక జాము పూర్తిగా కాపలా కాయాలని కూర్చున్నాను. జాముకు ఏడున్నర గడియలు. నాలుగు లెక్కపెట్టాను. కళ్లు తెరిచి చూసేసరికి గిన్నె అడుగున పడి ఉంది. ఎంతసేపటి నుంచి ఉందో చెప్పే ఆధారమే లేదు. గోడ గడియారం మనం పడుకున్నా నడుస్తుంది. ఇక్కడ మనిషి పడుకుంటే కాలం లెక్క అక్కడే ఆగిపోతుంది. చేతులు చల్లబడ్డాయి నాకు. కోటలో గిన్నె కాసే కుర్రాడు ఒక రాత్రి కునుకు తీస్తే రాజ్యం ఎన్ని గడియలు పోగొట్టుకుందో ఎవరికీ తెలియదు, వాడికీ తెలియదు. నాలుగో అధ్యాయం ఆ రాత్రే రాశాను.

బాబరు తన జ్ఞాపకాల్లో ఈ ఘడియలు కొట్టే పనివాళ్ల గురించి రాశాడు. వేలాడదీసిన ఇత్తడి పళ్లెం మీద వాళ్లు దెబ్బలు కొట్టేవారు. రాత్రి మెలకువ వచ్చి మూడో నాలుగో దెబ్బలు విన్నవాడికి అది ఏ జామో తెలియడం లేదని, ఘడియ దెబ్బల తర్వాత కాస్త ఆగి జాము సంఖ్య కూడా కొట్టమని ఆదేశించాడు. ఇదివరకు చదివినప్పుడు దాటేసిన విషయం ఇది. గిన్నె పక్కన కూర్చున్నాక, చీకట్లో ఆ దెబ్బలు లెక్కపెట్టుకునే మనిషి కనిపించాడు.

ఒక్క లోపం మిగిలింది. మునిగిన గిన్నె తీసి, నీళ్లు ఒంపి, మళ్లీ వదలడానికి నాకు ఐదు సెకన్లు పడుతోంది. అరవై సార్లకు రోజుకు ఐదు నిమిషాలు పోతాయి. అజ్జరం పెద్దాయనకు ఫోన్ చేసి ఈ మాట చెప్పాను. "రెండోది ఉంటే ఒకటి మునగగానే ఇంకోటి వదలొచ్చమ్మా" అన్నారు. ఆర్డరిచ్చాను. పాత గిన్నె కూడా తెమ్మన్నారు, రెండూ పక్కపక్కనే వేసి సరిచూస్తారట.