పాత సీడీ ప్లేయర్‌ని పరీక్షించడానికి ఏది మేలు: టెస్ట్ డిస్కా, పాటల సీడీయా, రాసుకున్న సీడీయా?

కళింగపట్నం, బారువ లాంటి తీరపు ఊళ్లలో వాడిన ప్లేయర్లకు ముందు చూడాల్సింది లెన్స్. ఉప్పుతేమ, దుమ్ము కలిసి దాని మీద పొర కడతాయి. ఐసోప్రొపైల్ ఆల్కహాల్ ఒక్క చుక్క అంటించిన దూదిపుల్లతో మెత్తగా తుడిచాకే ఏ డిస్కయినా పెట్టండి. లేకపోతే మీరు పరీక్షిస్తున్నది ఆ మురికినే.

సోనీ వైఈడీఎస్-18 లాంటి ఫ్యాక్టరీ టెస్ట్ డిస్క్ ఆసిలోస్కోప్ (సిగ్నల్‌ని తెర మీద గీతగా చూపే పరికరం) ఉన్నవాళ్లకే పనికొస్తుంది. ప్లేయర్ బోర్డు మీద ఆర్‌ఎఫ్ టెస్ట్ పాయింట్‌కి (డిస్క్ నుంచి చదివిన సిగ్నల్ దొరికే చోటు) ప్రోబ్ తగిలించి టైమ్‌బేస్‌ని, అంటే తెర మీద ఒక్కో గడికి పట్టే సమయాన్ని, 0.5 మైక్రోసెకన్లకు పెడితే తెర మీద వజ్రాలు వరసకట్టినట్టు కనిపించాలి. వజ్రాల లోపల ఖాళీగా, అంచులు పదునుగా ఉంటే ఫోకస్ బాగున్నట్టే. గీతలు అలుక్కుపోతే ఫోకస్ బయాస్ (ఫోకస్‌ని సరిచేసే అమరిక) చూడాలి. సిగ్నల్ ఎత్తు చాలా మోడళ్లలో 1 వోల్టు చుట్టుపక్కల ఉంటుంది, కచ్చితమైన అంకె సర్వీస్ మాన్యువల్‌లో దొరుకుతుంది.

ఎత్తు తగ్గింది కదా అని లేజర్ ప్రీసెట్ (లేజర్ బలాన్ని మార్చే చిన్న మర) మాత్రం తిప్పెయ్యకండి, దయచేసి! చాలా సోనీ పికప్‌ల (లేజర్, లెన్స్ ఉండే భాగం) స్టిక్కర్ మీద మూడంకెలు ఉంటాయి. అది లేజర్‌కి కావాల్సిన కరెంటు: 452 అంటే 45.2 మిల్లీఆంపియర్లు. కరెంటు అంతకంటే 10 శాతం మించి లాగుతుంటే లేజర్ డయోడ్ అరిగిపోయింది. ఇంకా పెంచితే ఉన్న నాలుగు రోజులూ ఉండదు.

ఆసిలోస్కోప్ లేనివాళ్లకు గీతలు లేని, 70 నిమిషాలు దాటిన పాటల సీడీయే మేలు. సీడీ లోపలి అంచు దగ్గర నిమిషానికి సుమారు 500 చుట్లు, బయటి అంచుకు వచ్చేసరికి 200 తిరుగుతుంది. నిడివి తక్కువ డిస్క్‌తో ఆ చివరి భాగం పరీక్షకే రాదు. మొదటి పాటలు బాగా పాడి ఎప్పుడూ ఒకే నిమిషం దగ్గర ఆగిపోతుంటే స్లెడ్ (పికప్‌ని డిస్క్ లోపలి నుంచి బయటికి జరిపే బండి) పట్టాల మీద గ్రీజు గట్టిపడిందేమో చూడండి. పాతది పూర్తిగా తీసేసి కొత్తది పల్చగా రాయాలి. డిస్క్ పెట్టగానే తిరగడానికి మొరాయిస్తే డిస్క్‌ని తిప్పే స్పిండిల్ మోటార్‌ని అనుమానించాలి.

ఇంట్లో రాసుకున్న సీడీ-ఆర్ తో ఫోకస్, ట్రాకింగ్ (లేజర్ డిస్క్ గాడి తప్పకుండా సాగడం) సర్దడం తప్పు. దాని మెరుపు అచ్చు సీడీ కంటే తక్కువ, రాసిన రైటర్‌ని బట్టి నాణ్యతా మారుతుంది. 1 కిలోహెర్ట్జ్ టోన్ రాసి ఎడమ, కుడి చానళ్లు సరిచూడటానికి బాగుంటుంది, అంతవరకే. చెరిపి మళ్లీ రాసుకునే సీడీ-ఆర్‌డబ్ల్యూ అయితే వెలుతురులో 15 నుంచి 25 శాతమే తిప్పి పంపుతుంది. పాత ప్లేయర్లు చాలావరకు దాన్ని చదవనే చదవవు.

గీతలు తట్టుకునే శక్తి చూడటానికి ఫిలిప్స్ 5ఏ డిస్క్ ఉంది. అందులో ఖాళీలు, నల్లచుక్కలు, వేలిముద్ర కావాలనే పెట్టారు. అది దొరక్కపోతే పనికిరాని పాటల సీడీ చదివే వైపు పర్మనెంట్ మార్కర్‌తో మధ్య నుంచి అంచుకు 0.5, 1, 2 మిల్లీమీటర్ల గీతలు దూరదూరంగా గీయండి. డిస్క్ పైపొర దగ్గర లేజర్ వెలుగు దాదాపు 0.8 మిల్లీమీటర్ల వెడల్పు ఉంటుంది కాబట్టి సన్న గీత దాన్ని పూర్తిగా ఆపలేదు. సన్న గీతకే పాట ఎగిరిపోతుంటే ట్రాకింగ్ గెయిన్ (ట్రాకింగ్ ఎంత చురుగ్గా స్పందించాలో పెట్టే అమరిక) ఎక్కువ పెట్టారేమో చూసి, కొంచెం కొంచెంగా తగ్గించండి.